పశ్చాత్తాపం ఐచ్ఛికం

ఉగాది వెళ్ళిన వారానికి సెంట్రల్ జైలుకి ఒక ఉత్తర్వు వచ్చింది. దాని పేరు ‘స్వీయకథా సంస్కార పథకం’. ఖైదీ తన జీవితకథ తానే రాసుకుంటే వాడిలో పరివర్తన కలుగుతుందనీ, పరివర్తన కలిగినవాణ్ణి లోపల ఉంచడం వృథా ప్రయాస అనీ పై అధికారులెవరో ఏదో సదస్సులో విని వచ్చారు. అందుచేత చేసిన నేరాలను పశ్చాత్తాపంతో సహా రాసిన ఖైదీకి నేరానికి పదిహేను రోజుల చొప్పున, పెద్ద నేరమైతే అరవై రోజుల చొప్పున శిక్ష తగ్గించాలని నిర్ణయమైంది. ఉత్తర్వులో ఇరవై రెండు నిబంధనలున్నాయి. వాటిలో మూడు తెలిస్తే ఈ కథకు చాలు.

ఎనిమిదో నిబంధన ప్రకారం, ఏ నేరానికి శిక్ష పడిందో ఆ నేరం రాస్తే లెక్కలోకి రాదు. ఒకే నేరానికి శిక్షా, తగ్గింపూ రెండూ ఇస్తే ఆడిటువారు ఊరుకోరు. కాబట్టి ఇంతవరకూ బయటపడని నేరాలే రాయాలి. అలా రాస్తే కొత్త కేసులు పడతాయేమోనని ఖైదీలు జంకుతారు గనక, పశ్చాత్తాపంతో రాసిన ఏ నేరాన్నీ ఏ కోర్టులోనూ సాక్ష్యంగా వాడరాదని తొమ్మిదో నిబంధన అభయమిచ్చింది. పదిహేడో నిబంధన ప్రముఖులది. వారి హోదాకు భంగం కలగకుండా, ప్రముఖ ఖైదీలకు పశ్చాత్తాపం ఐచ్ఛికం. మూడు వందల పేజీలు నింపితే చాలు, ఆరు నెలలు తగ్గుతాయి.

తొమ్మిదో నిబంధన రాసింది న్యాయ విభాగం. పదిహేడోది రాసింది ప్రోటోకాల్ విభాగం. రెండు గదులకీ మధ్య ఒక పొడుగాటి వరండా ఉంది. ఎండలు ముదిరిపోవడం వల్ల ఎవరూ ఆ వరండా దాటలేదు.

నెల తిరిగేసరికి జైల్లో రాయనివాడు లేడు. వంటమేస్త్రి ఏడో అధ్యాయంలో ఉండడం వల్ల చారు మాడిపోయేది. నేత షెడ్డులో మగ్గాలు ఆగిపోయాయి. ఇద్దరు జేబుదొంగలు ఒకే పర్సు గురించి రాసి, ఆ పర్సు నాదంటే నాదని జుట్టూ జుట్టూ పట్టుకున్నారు. అందరికంటే అవస్థ పడ్డవాళ్ళు పొరపాటున శిక్షపడ్డ అమాయకులు. రాయడానికి వాళ్ళ దగ్గర ఏమీ లేదు. “ఇంత వయసొచ్చింది, చెప్పుకోడానికి ఒక్క నేరమైనా లేదా? మనసుపెట్టి ఆలోచించు,” అని సూపరింటెండెంటు కృపావరం గారు వాళ్ళను పేరుపేరునా మందలించేవారు.

ఆ రాతకోతల మధ్య, నిజంగా రాత తెలిసినవాడు ఒక్కడే ఉన్నాడు. దస్తావేజు లేఖరి సోమలింగం. రేవుపాలెంలో సబ్‌రిజిస్ట్రారు ఆఫీసు ఎదురుగా రేకుల షెడ్డు కింద నలభై ఏళ్ళపాటు దస్తావేజులు రాసిన మనిషి. నాలుగు వైపులా హద్దులు, తేదీ, వేళ, సాక్షులు లేకుండా అతని చేతి నుంచి ఒక్క కాగితం బయటికి పోలేదు. చివరికి పిల్లల బడికి సెలవుచీటీ రాసినా జ్వరం ఎన్ని గంటలకు వచ్చిందో, చూసినవాళ్ళెవరో రాసేవాడు. అలాంటివాడు నేలబిడ్డల సేన అనే పార్టీ ఆఫీసు కోసం చెరువు స్థలానికి దొంగ దస్తావేజు రాసి మూడేళ్ళ శిక్ష తెచ్చుకున్నాడు.

కానీ అతన్ని తినేస్తున్నది ఆ దస్తావేజు కాదు. అదే చేత్తో రాసిన మరో కాగితం ఉంది. దాని సంగతి కోర్టుకి తెలియదు, భార్య రత్తాలుకి తెలుసు.

రేవుపాలెంలో గొంగళ్ళ బజారని ఉండేది. మెట్ట ప్రాంతం నుంచి రెండు తరాల కిందట వచ్చిన గొంగళ్ళవాళ్ళు ముప్పై ఆరు దుకాణాలు పెట్టుకున్నారు. స్థలం పట్టా బీరప్ప అనే ముసలాయన పేర ఉండేది. రత్తాలు ఆ బజారు మొగలో ఇడ్లీలు అమ్మేది, రోజూ బోణీ బీరప్పదే. ఒకనాడు భోజనాలవేళ బజారు అంటుకుంది. బీరప్ప మగ్గం కోసం మళ్ళీ లోపలికి వెళ్ళి ఇక రాలేదు. గుర్తు తెలియని వ్యక్తుల పని అని పోలీసులు రాసుకున్నారు. నాలుగో రోజున నేలబిడ్డల సేన నాయకుడు సోమలింగాన్ని పిలిపించి, పాత స్టాంపు కాగితం ముందు పెట్టి, బీరప్ప ఆ స్థలాన్ని నెలరోజుల కిందటే పార్టీ ట్రస్టుకి అమ్మినట్టు అగ్రిమెంటు రాయమన్నాడు. సోమలింగం భయపడి రాశాడు. కింద పడిన వేలిముద్ర ఎవరిదో తలెత్తి చూడలేదు. ఆ కాగితం చూపించే బజారువాళ్ళను పేవ్‌మెంటు మీదికి నెట్టారు.

జైలుకి బయల్దేరే ముందు సోమలింగం భార్యకి అంతా చెప్పాడు. ఆవిడ ఏడవలేదు.

“ఆ కాయితం నీ చేత్తోనే రాశావు. నీ చేత్తోనే రద్దు చేయించుకుని రా. అప్పుడు తలుపు తీస్తాను. అందాకా ములాఖాతుకని కూడా నా కోసం చూడకయ్యా,” అంది.

అన్నమాట ప్రకారమే రాలేదు. మూడు నెలలకోసారి జైలువారు ఇంటికి ములాఖాతు కార్డు పంపుతారు. దాంట్లో ‘ఖైదీతో సంబంధం’ అని ఒక గడి ఉంటుంది. రత్తాలు సంతకం పెట్టి, ఆ గడి ఖాళీగా వదిలేసి తిప్పి పంపేది. అలాంటి ఖాళీ కార్డులు ఏడు సోమలింగం ట్రంకుపెట్టెలో ఉన్నాయి.

పథకం వచ్చిన కొత్తలో సోమలింగం ఆశపడి, ఆ అగ్రిమెంటు సంగతంతా రెండు పేజీల్లో రాసిచ్చాడు. రాస్తూ నిజంగానే ఏడ్చాడు. కృపావరం గారు చదివి సంతోషించారు.

“పశ్చాత్తాపం ప్రస్ఫుటంగా ఉంది. పదిహేను రోజులు మంజూరు. తొమ్మిదో నిబంధన ననుసరించి దీన్ని లక్క వేసి భద్రపరచడమైనది. ఇక దీన్ని ఏ న్యాయస్థానమూ చూడజాలదు.”

“చూడాలనేగదండీ నేను రాసింది!”

“పశ్చాత్తాపపడే ముందు ఆ సంగతి ఆలోచించుకోవలసింది.”

చూసినా పెద్దగా లాభం ఉండదని సోమలింగానికి తెలుసు. రాసినవాడి మాటతో కాగితం రద్దు కాదు. రాయించుకున్నవాడు సంతకం పెట్టి ఒప్పుకోవాలి. ఆ రాయించుకున్నవాడు అదే జైల్లో, అవతలి బ్లాకులో, పరుపు మంచం మీద ఉన్నాడు.

ఆయన పేరు దండు మార్తాండరావు. తాత పాడె ఈ ఊళ్ళో లేవనివాడు ఈ ఊరివాడు కాదనేది ఆయన సిద్ధాంతం. ఆ ఒక్క ముక్కతో రెండు ఎన్నికలు గెలిచాడు. ఆయన సొంత తాత కాశీ వెళ్ళి తిరిగి రాలేదు గాని, ఆయనకు మినహాయింపు ఇస్తూ పార్టీ ఏకగ్రీవంగా తీర్మానించింది. చెరువు స్థలం కేసులో మూడేళ్ళు పడ్డాక పార్టీ ఆయన ఫొటోలు దించేసింది. ఆయన మటుకు రోజూ ఉదయం తన బ్లాకులో ఉన్న ఇద్దరు వార్డర్లనుద్దేశించి ప్రసంగిస్తూనే ఉన్నాడు.

ఒకనాడు కృపావరం గారు సోమలింగాన్ని పిలిపించారు.

“ప్రముఖ ఖైదీ వారు స్వీయకథా రచనకు సమ్మతించి యున్నారు. వారికి చేతిరాత అలవాటు లేదు. కనుక నీ సేవలను వారి ఖాతాకు బదలాయించడమైనది. వారికి తగ్గే శిక్షలో సగం లేఖకుడికి వర్తిస్తుంది.”

సగమంటే మూడు నెలలు. కానీ సోమలింగం ఆలోచించింది ఆ మూడు నెలల గురించి కాదు. ఆ మనిషి నోటివెంట గొంగళ్ళ బజారు మాట వస్తుంది, తను కాగితం మీద పెడతాడు, ఆయన సంతకం పెడతాడు. ఇంకేం కావాలి? వెంటనే కొత్త కలం అడిగి తీసుకున్నాడు.

మార్తాండరావు మంచం మీద బాసింపట్టు వేసుకుని కళ్ళు మూసుకున్నాడు. పుస్తకానికి ‘నేనెందుకు నిర్దోషిని’ అని పేరు పెట్టాడు.

“రాసుకో. ఆ వేకువన తూర్పున ఒక సూర్యుడు ఉదయించాడు. మా ఇంట్లో రెండో సూర్యుడు ఉదయించాడు.”

“ఇంటి నంబరెంతండీ?”

“నంబరెందుకయ్యా!”

“హద్దులు లేకుండా నా చెయ్యి కదలదండీ, ఏమనుకోకండి.”

మార్తాండరావు విసుక్కుంటూనే చెప్పాడు. సోమలింగం రాసి చదివి వినిపించాడు. “రేవుపాలెం పట్టణం, పాతూరు వార్డు, ఇంటి నెంబరు 4-17. తూర్పు: రాజవీధి. దక్షిణం: కాసులవారి ప్రహరీ. పడమర: పురపాలక మురుగుకాలవ. ఉత్తరం: మునసబు గారి గొడ్లసావిడి. ఈ నాలుగు హద్దుల మధ్యగల పెంకుటింట నేను ఉదయం అయిదుంబావుకి జన్మించినాను. ఇందుకు సాక్షి: మంత్రసాని అంకమ్మ, కీర్తిశేషురాలు.”

మార్తాండరావు కళ్ళు తెరిచాడు. “శాసనంలా ఉందే!” అన్నాడు. అప్పటినుంచి హద్దులు తనే అడిగి రాయించుకోసాగాడు. ప్రతి పేజీ కిందా సంతకం, ఎడమ బొటనవేలి ముద్ర పెట్టే ఆచారం కూడా ఆయనకు మహా ఇష్టమైంది. వేలికి సిరా పూసుకుంటుంటే పట్టాభిషేకం జరుగుతున్నట్టు కూచునేవాడు.

పుస్తకం సాగింది. చిన్నప్పుడు తోటి పిల్లాడు బావిలో పడ్డాడు. ఆ పిల్లాడికి ఈత రాకపోవడం అతని తల్లిదండ్రుల నిర్లక్ష్యం. కాలేజీలో లైబ్రరీ తగలబడింది. ఆ ఏడు చలి ఎక్కువ. మునిసిపల్ కార్యాలయంలో ఒక గుమాస్తా చెయ్యి విరిగింది. అతను చెయ్యి అడ్డం పెట్టకుండా ఉండవలసింది. అన్నిటికీ హద్దులు, వేళలు, సాక్షులు చక్కగా కుదిరాయి. తప్పు ఒక్కటే ఎక్కడా కుదరలేదు.

రెండు వందల పేజీలు దాటాక గొంగళ్ళ బజారు వచ్చింది. సోమలింగం కలం సరిచేసుకున్నాడు.

“రాసుకో. ఆ ప్రమాదం జరిగిననాడు నేను ఊళ్ళో లేను. వార్త విని కన్నీరు పెట్టుకున్నాను. తరవాతి అధ్యాయం.”

“ఊళ్ళో లేరంటే... ఎక్కడున్నారండీ?”

“ఏదో పెళ్ళిలో.”

“పెళ్ళివారి పేరండీ? పందిరి ఏ వైపు వేశారు?”

“రాయమన్నది రాయి!”

పుస్తకం మొత్తం మీద హద్దులు లేని పేజీ అదొక్కటే. సోమలింగం ఆ రోజు అన్నం తినలేదు.

ఈలోగా పథకం పుంజుకుంది. ఖైదీలు ఎవరికి తోచిన నేరాలు వాళ్ళు రాసుకుపోతుండడంతో, వాటివల్ల పోలీసుశాఖకు ప్రయోజనం ఏమిటనే ప్రశ్న వచ్చింది. రేవుపాలెం స్టేషను నుంచి ‘హక్కుదారులు లేని నేరాల జాబితా’ తెప్పించి లైబ్రరీ గోడకి అంటించారు. ప్రతి ఆదివారం చీట్లు తీసేవారు. ఎవరికి ఏ నేరం వస్తే వాడు దాన్ని పశ్చాత్తాపంతో రాయాలి. అటు ఖైదీకి శిక్ష తగ్గుతుంది, ఇటు స్టేషనులో ఫైలు మూతపడుతుంది. నాలుగు ఆదివారాల్లో ఆ ఊళ్ళో తేలని దొంగతనమంటూ లేకుండా పోయింది. ఈ విజయానికి కృపావరం గారికి జిల్లా స్థాయి ప్రశంసాపత్రం వచ్చింది.

అయిదో ఆదివారం సైకిళ్ళ దొంగ అప్పన్నకి ముప్పై ఒకటో నంబరు చీటీ వచ్చింది. గొంగళ్ళ బజారు దహనం, మరణం ఒకటి, తగ్గింపు అరవై రోజులు.

“బాబూ, నాను సైకిళ్ళోణ్ణి. నాకు అగ్గంటే బయం. ఇది మార్సి సిన్నదేదైనా ఇప్పించండి బాబూ,” అని అప్పన్న బతిమాలాడు.

“ప్రభుత్వం కేటాయించిన నేరాన్ని తిరస్కరించే అధికారం ఖైదీకి లేదు,” అన్నారు కృపావరం గారు.

ఆ మాట పక్కన నిలబడ్డ సోమలింగం విన్నాడు. అప్పన్న రాస్తే ఆ మంట అప్పన్నదైపోతుంది, లక్క పడుతుంది, ఫైలు మూతపడుతుంది. ఇక బజారు బీరప్ప వాళ్ళకు రాదు, రత్తాలు తలుపు తీయదు. ఆ సాయంత్రం అప్పన్న కాగితాలు పట్టుకుని అతని దగ్గరికే వచ్చాడు.

“లేకరి బాబూ, ఆ ముసలాయన పేరేటన్నావు?”

“బీరప్ప.”

“ఎందుకెల్లాడు మళ్ళీ లోపలికి?”

“మగ్గం కోసం. వాళ్ళ నాన్న చేసిన మగ్గమది.”

అప్పన్న తల వంచుకుని రాశాడు. బీడీ తాగి పారేశాననీ, అది అంటుకుందనీ, ఆ ముసలాయన కలలో కనిపిస్తున్నాడనీ రాశాడు. చేయని పాపానికి అతను పెట్టుకున్న కన్నీళ్ళు కాగితం మీద చుక్కలు చుక్కలుగా పడ్డాయి. ఆ ముసలివాడి కోసం జైల్లో ఏడ్చినవాడు, తను కాక, అప్పన్న ఒక్కడే అని సోమలింగానికి అనిపించింది. అతని మీద కోపం తెచ్చుకుందామన్నా రాలేదు.

ఆగస్టు పదిహేనున జైలు ఆవరణలో సభ జరిగింది. మూల్యాంకన సంఘం అధ్యక్షులు, విశ్రాంత ఆచార్యులు శఠగోపం గారు వచ్చి, అప్పన్న రచనకు ప్రథమ బహుమతి ప్రకటించారు. “ఒక బీడీ ముక్క నుంచి ఒక బజారు దహనం దాకా సాగిన ఈ అగ్నివర్ణన కారాగార సాహిత్యంలో మైలురాయి,” అంటూ రెండు పేజీలు రాగయుక్తంగా చదివారు. ముందు వరసలో కుర్చీలో కూర్చున్న మార్తాండరావు మొహం మొదట తెల్లబోయింది, తరవాత ఎర్రబడింది. అప్పన్న మెడలో దండ పడేసరికి ఆయన కుర్చీ లోంచి లేచి వెళ్ళిపోయాడు.

మర్నాడు ఉదయం టిఫిను అయీ కాకుండానే సోమలింగానికి కబురొచ్చింది.

“బీడీయా?” అన్నాడు మార్తాండరావు, గది ఈ చివరినుంచి ఆ చివరికి తిరుగుతూ. “గొంగళి ఉన్నయ్యా! ఉన్ని! బీడీకి అంటుకుంటుందా? చుర్రుమని మాడి కంపు కొడుతుంది, అంతే! చదువుకున్నవాడు, ఆ శఠగోపానికి ఆ మాత్రం తెలియదా? సైకిళ్ళు ఎత్తుకుపోయేవాడు బజారు తగలబెట్టాడట, వాడికి దండ! పదిహేను రోజులు మేం పడ్డ అవస్థ ఎవడికి తెలుసు? ఎన్ని సభలు పెట్టాను! ఎంతమందిని ఉడికించాను! కలం తియ్యి. ఆ పేజీ చింపెయ్యి.”

సోమలింగం చింపలేదు. దస్తావేజులో పేజీ చింపకూడదు. అడ్డంగా గీత కొట్టి, ‘ఇందలి సంగతులు సవరించబడినవి’ అని రాసి, కొట్టివేత పక్కన సంతకం పెట్టించి, దాని వెంటే కొత్త పేజీ చేర్చాడు. అది రెండు వందల పన్నెండో పేజీ.

మార్తాండరావు మధ్యాహ్నం దాకా ఆగకుండా చెప్పాడు. ఏ షెడ్డులో పన్నెండు డబ్బాల కిరోసిన్ దాచారో, దానికి నాలుగు వైపులా ఏముందో, గాలి ఏ దిక్కునుంచి వీస్తున్నదో చూసుకుని బజారుకి పడమర కొసన ఎందుకు మొదలుపెట్టారో, తను ఎదురు మేడమీద నిలబడి ఎన్ని గంటలకు తువ్వాలు ఊపాడో, ఎవరెవరు చూశారో అన్నీ చెప్పాడు. ఊరిని శుద్ధి చేసే బృహత్కార్యాన్ని ఒక బీడీకి అంటగట్టడం చరిత్రకు ద్రోహమన్నాడు.

“ముసలివాడు లోపలికి వెళ్ళడం చూశారాండీ?” అని అడిగాడు సోమలింగం.

“చూశాను. వెళ్ళమని నేను చెప్పలేదుగా? అది కూడా రాసుకో. తరవాత నాలుగో రోజు లేఖరి సోమలింగాన్ని పిలిపించాను. గజగజ వణికాడు. పాత తేదీ వేసి అగ్రిమెంటు రాయించాను. కింద బీరప్ప వేలిముద్ర ఎవరిదనుకున్నావ్? ఇదిగో, ఈ వేలు!” ఎడమ బొటనవేలు పైకెత్తి చూపించాడు. “అదీ నాయకత్వమంటే! ఒకడి చేత వేయించలేదు.”

‘లేఖరి సోమలింగం గజగజ వణికినాడు’ అని సోమలింగం తన చేత్తోనే రాశాడు. సిగ్గుతో కళ్ళు కనిపించలేదు. అక్షరాలు మాత్రం వంకర పోలేదు.

మిగతా అధ్యాయాలు కూడా ముగిసి పుస్తకం చివరికొచ్చాక, పనివాడి ధర్మం కాబట్టి అడిగాడు. “చివర పశ్చాత్తాపం ఒక్క వాక్యం రాయమంటారాండీ? అది ఉంటే తొమ్మిదో నిబంధన అడ్డు ఉంటుంది. దీని మీద ఎవరూ కేసు పెట్టలేరు. లేకపోతే ఉండదండీ.”

“పశ్చాత్తాపం ఆ సైకిళ్ళవాడికి. నాకు ఐచ్ఛికం.”

“ఇంకోసారి ఆలోచించుకోండి.”

“వద్దన్నానా?”

“మూడోసారి అడగడం మా ఆచారమండీ. పశ్చాత్తాపం రాయనా?”

“నేను చేసింది ఏదైనా మళ్ళీ చేస్తాను. అది రాయి!”

సోమలింగం అది రాశాడు. దాని కింద, మూడుసార్లు అడగగా మూడుసార్లూ వలదన్నారని రాశాడు. పైన పేర్కొన్న సంగతులన్నీ చదివి వినిపించగా విని, అర్థం చేసుకుని, ఎవరి బలవంతమూ లేకుండా, పూర్తి స్పృహతో, రాజీఖుషీతో సంతకం చేసినట్టు రాసి, ఇద్దరు వార్డర్ల చేత సాక్షి సంతకాలు పెట్టించాడు. మార్తాండరావు వేలికి సిరా పూసుకుని, గట్టిగా, స్పష్టంగా, ఒక్క గీత కూడా చెదరకుండా ముద్ర వేశాడు.

సోమలింగం కట్ట తీసుకెళ్ళి సూపరింటెండెంటుకి ఇచ్చి, “అయ్యా, పశ్చాత్తాపం లేదు. తొమ్మిదో నిబంధన ఒక్కసారి చూడండి,” అన్నాడు.

“పదిహేడు చూశావా? ఐచ్ఛికం,” అని కృపావరం గారు పేజీలు లెక్కపెట్టించారు. మూడు వందల పన్నెండున్నాయి.

మూల్యాంకన సంఘం రెండు గంటలు సమావేశమైంది. శఠగోపం గారు పుస్తకాన్ని అక్కడక్కడా తెరిచి చూసి తన్మయులయ్యారు. “ఆత్మకథల్లో ఊహాగానాలు తప్ప ఆధారాలుండవు. ఇందులో ప్రతి వాక్యానికీ నాలుగు దిక్కులా హద్దులున్నాయి! ఈ ప్రామాణికత అపూర్వం,” అన్నారు. అరవైకి పైగా సర్వే నంబర్లు, వంద మందికి పైగా సాక్షులు ఉన్నట్టు గుమాస్తా నివేదించాడు. అప్పన్న అగ్గిపెట్టిన బజారునే ఈయన కూడా అగ్గిపెట్టినట్టుందే అని ఒక సభ్యుడు సందేహం వెలిబుచ్చాడు. ఒకే ఇతివృత్తం మీద ఇద్దరు రచయితలు రాయడం సాహిత్యంలో మామూలేనని అధ్యక్షులు సమాధానపరిచారు. ఆరు నెలల తగ్గింపు ఏకగ్రీవంగా ఆమోదం పొందింది. జైలు ముద్రణాలయంలో అయిదు వందల ప్రతులు అచ్చువేసి జిల్లాలోని అన్ని కార్యాలయాలకూ తప్పనిసరి పఠనం కింద పంపించారు. వేలిముద్రలతో సహా యథాతథంగా అచ్చువేశారు.

తగ్గింపు పోగా మార్తాండరావు విడుదల తేదీ కార్తీకంలో పడింది. విడుదలా, పుస్తకావిష్కరణా జైలు ఆవరణలో ఒకే వేదిక మీద పెట్టారు. తెల్ల బట్టలు కట్టుకుని, ఫొటోలు దించేసిన పార్టీవాళ్ళు మళ్ళీ తెచ్చిన దండలు వేయించుకుని, ఆయన చరిత్ర తనను నిర్దోషిగా ప్రకటించిందని ముప్పావుగంట మాట్లాడాడు. కిందికి దిగుతుంటే, రేవుపాలెం స్టేషనుకి కొత్తగా వచ్చిన ఇన్‌స్పెక్టరు వినయంగా ఎదురొచ్చాడు. తప్పనిసరి పఠనం అన్నారు గనక ఆ జిల్లాలో ఆ పుస్తకాన్ని మొదటినుంచి చివరిదాకా చదివిన అధికారి ఆయనొక్కడే.

“పుస్తకం కింద పెట్టలేకపోయానండీ. రెండు వందల పన్నెండో పేజీ మీద ఒక్క సంతకం,” అన్నాడు.

మార్తాండరావు మురిసిపోతూ సంతకం పెట్టాడు.

“వేలిముద్ర కూడా వేస్తే...” అంటూ ఇన్‌స్పెక్టరు జేబులోంచి సిరా డబ్బీ తీశాడు. ముద్ర పడ్డాక, వెంట తెచ్చిన పాత అగ్రిమెంటు ప్రతి తీసి, బీరప్పదని ఉన్న ముద్ర పక్కన పెట్టి చూశాడు. కానిస్టేబుళ్ళు రెండడుగులు ముందుకొచ్చారు.

అప్పుడు మార్తాండరావుకి సంగతి అర్థమైంది. “అవి నా మాటలు కావు! ఆ లేఖరిగాడు రాసుకున్న రాతలు!” అని అరిచాడు.

అందరూ సోమలింగం వైపు తిరిగారు. సోమలింగం చేతులు కట్టుకుని నిలబడి, “నేనే రాశానండీ. ఆయన చెప్పగా రాశాను. చదివి వినిపించాను. మూడుసార్లు అడిగాను. చివర ఉంది చూడండి,” అన్నాడు. సాక్షి వార్డర్లిద్దరూ తల ఊపారు.

విడుదల రిజిస్టరులో అప్పటికే సంతకం అయిపోవడంతో మార్తాండరావుని గేటు దాటించి, అవతల అరెస్టు చేసి, మళ్ళీ అదే గేటు లోంచి కొత్త నంబరుతో తీసుకొచ్చారు. ఆరు నెలల తగ్గింపు పాత శిక్షకే గాని కొత్త కేసుకి వర్తించదని కృపావరం గారు అక్కడికక్కడే వివరించారు. బీరప్ప ఫైలు తెరుచుకుంది. పై నెలలో కోర్టు ఆ అగ్రిమెంటు చెల్లదని తీర్పు చెప్పింది. బజారువాళ్ళు తమ స్థలంలో మళ్ళీ దుకాణాలు వేసుకున్నారు.

తరవాతి ఉత్తర్వులు వరసగా వచ్చాయి. అప్పన్నకి నోటీసు ఇచ్చారు. ‘తగలబెట్టకుండానే తగలబెట్టినట్టు రాసి, ప్రథమ బహుమతి పొంది, ప్రభుత్వాన్ని మోసగించినందుకు నీ మీద ఎందుకు చర్య తీసుకోరాదో వారంలోగా తెలుపవలెను.’ ఇంతకాలానికి తనకంటూ సొంత నేరం ఒకటి దొరికిందని అప్పన్న దాన్ని పశ్చాత్తాపంతో రాయడానికి కూర్చున్నాడు. పుస్తకం కేసు సొత్తు అయిపోవడం వల్ల, లేఖకుడికి రావలసిన మూడు నెలల తగ్గింపును దహనం కేసులో తీర్పు వెలువడేవరకూ నిలిపివేశారు. సోమలింగం మిగిలిన శిక్షంతా అనుభవించవలసిందే. ఆ కాగితం మీద అతను మారుమాట్లాడకుండా సంతకం పెట్టాడు.

మరుసటి బుధవారం గేటు నుంచి వార్డరు వచ్చాడు.

“సోమలింగం! నీకొక గొంగళి వచ్చింది. సరుకు వివరం రిజిస్టరులో రాయాలి. నీకు రాత వచ్చుగదా, నువ్వే రాసెయ్యి.”

నల్లటి కొత్త గొంగళి, ఎర్ర అంచు. బల్లమీద మడతపెట్టి ఉంది, అంచుకి దుకాణం చీటీ కట్టి ఉంది. ఇంకా పచ్చి ఉన్ని వాసన పోలేదు. సోమలింగం రిజిస్టరు ముందుకు లాక్కున్నాడు. పొడుగెంత, వెడల్పెంత, అంచు ఏ రంగు, నేసినచోటు: రేవుపాలెం గొంగళ్ళ బజారు, రెండో దుకాణం, తూర్పున ఇడ్లీల బండి. ఇంతవరకూ రాసి, పంపినవారి వివరాల గడులకొచ్చి ఆగిపోయాడు. ఆ గడులు అప్పటికే ఎవరో నింపేశారు. పేరు దగ్గర రత్తాలు అని పెద్దపెద్ద అక్షరాలతో ఉంది. పక్కన, ఖైదీతో సంబంధం అన్న గడిలో, భార్య అని ఉంది.

“ఏమయ్యా, రాయి. ఇంకా సంతకం మిగిలింది,” అన్నాడు వార్డరు. “ఆవిడ ములాఖాతు కిటికీ దగ్గర అప్పణ్ణించి నిలబడే ఉంది.”